జాన్ అబ్రహాం సినిమా: రూపమూ, బాధ్యతా

మలయాళ దర్శకుడు జాన్ అబ్రహాం పేరు ఎత్తితే మన అభ్యుదయ వర్గాల్లో రెండు రకాల మెప్పు వినిపిస్తుంది. మొదటిరకం వారు, "జనం దగ్గర చందాలు పోగుచేసి సినిమా తీసిన మొనగాడు" అంటారు. ఆ సినిమా ఎలా ఉంది అని అడిగితే మాత్రం కొంచెం నసుగుతారు. "అది మామూలు వాళ్ళకు అర్థం కాదులెండి, కాని ఉద్దేశం గొప్పది" అని సరిపెడతారు. రెండవరకం వారు చిత్రోత్సవాల్లో కనిపిస్తారు. కెమెరా నడక, నలుపు తెలుపుల పొందిక, కథనంలోని ఖాళీలు - వీటిని గురించి గంటసేపు మాట్లాడగలరు. ఆ సినిమాకు డబ్బు ఎవరిచ్చారు, ఎందుకిచ్చారు అన్నది వారి దృష్టిలో లెక్కల గుమాస్తా చూసుకోవలసిన సంగతి.

ఈ రెండు మెప్పులూ ఒకే పొరపాటు మీద నిలబడి ఉన్నాయని నా అభిప్రాయం. మొదటివారు ఉత్పత్తి విధానాన్ని తీసుకుని శిల్పాన్ని వదిలేస్తారు. రెండవవారు శిల్పాన్ని తీసుకుని ఉత్పత్తి విధానాన్ని వదిలేస్తారు. జాన్ అబ్రహాం ముఖ్యంగా చివరి చిత్రంలో చేసినదల్లా ఈ రెంటినీ విడదీయటానికి వీల్లేకుండా చేయటమే. డబ్బు వచ్చిన దారే ఆ సినిమాకు రూపాన్నిచ్చింది. ఇది రుజువు చేయటమే యీ వ్యాసం పని. దాంతోపాటు ఆ ప్రయత్నం ఎక్కడ ఆగిపోయిందో కూడా చెప్పవలసి ఉంది. చచ్చిపోయిన కళాకారుణ్ణి పూజించటం కన్న, అతను సగంలో వదిలిన పనిని గుర్తుపట్టటమే అతనికి మనం చేయగల గౌరవం.

మూడవరకం మెప్పు కూడా ఒకటుంది. అది తాగుబోతు మేధావి కథలు చెప్పుకునే మెప్పు. జాన్ ఎక్కడ పడుకున్నాడు, ఎవరి చొక్కా తొడుక్కున్నాడు, ఎవర్ని తిట్టాడు - ఇటువంటి కథలు కేరళలో కోకొల్లలు. వాటి జోలికి నేను పోను. కళాకారుడి దరిద్రాన్నీ, దురలవాట్లనూ పురాణంగా మార్చటం బూర్జువా సమాజానికి చాలా సుఖమైన వ్యవహారం. బతికి ఉండగా అన్నం పెట్టనక్కర్లేదు, పోయిన తర్వాత కథలు చెప్పుకోవచ్చు.

జాన్ 1937లో పుట్టాడు. చదువు ముగిశాక జీవిత బీమా సంస్థలో కొంతకాలం ఉద్యోగం చేసి, అది వదిలేసి పూనా ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చేరాడు. 1960ల మధ్యలో అక్కడ పాఠాలు చెప్పిన ఋత్విక్ ఘటక్ ప్రభావం అతనిమీద గాఢంగా పడింది. ఘటక్ ప్రజానాట్య ఉద్యమంలోనుంచి సినిమాకు వచ్చినవాడన్న సంగతి మన పాఠకులకు తెలుసు. ఆ తర్వాత మణి కౌల్ తీసిన 'ఉస్కీ రోటీ' (1969)కి జాన్ సహాయకుడుగా పనిచేశాడు. ఈ ఇద్దరూ రెండు దిక్కులు. ఘటక్‌ది ఉద్వేగం, పాట, దేశవిభజన గాయం, గుండెలు బాదుకునే తల్లులు. మణి కౌల్‌ది ఉద్వేగాన్ని పూర్తిగా అణచిపెట్టి కాలాన్ని సాగదీసే పద్ధతి. జాన్ చిత్రాల్లో ఈ రెండూ ఒకదానితో ఒకటి పోట్లాడుతూనే ఉంటాయి. 1987 మే 31న కోజికోడ్‌లో ఒక భవనం మీదనుంచి పడి చనిపోయేటప్పటికి అతనికి యాభై ఏళ్ళు నిండలేదు. తీసిన కథాచిత్రాలు నాలుగే.

మొదటిది 'విద్యార్థికళే ఇదిలే ఇదిలే' (1972). అది పేరున్న నటులతో, పరిశ్రమ చట్రంలోనే తయారైంది. అసలు జాన్ కనిపించేది అయిదేళ్ళ తర్వాత తమిళంలో తీసిన 'అగ్రహారత్తిల్ కళుదై' (1977)లో. అగ్రహారంలో గాడిద అని అర్థం. దీనికి రచన చేసిన వెంకట్ స్వామినాథన్ తమిళంలో వామపక్ష సాహిత్యంతో జీవితాంతం తగవుపడిన విమర్శకుడు. ప్రధానపాత్ర ప్రొఫెసర్ నారాయణస్వామిగా నటించిన ఎం.బి. శ్రీనివాసన్ కమ్యూనిస్టు, సంగీత దర్శకుడు, సినిమా వాద్యకారులకు సంఘం కట్టినవాడు. ఇటువంటి ఇద్దరు ఒకే చిత్రంలో కలవటమే ఒక విశేషం.

కథ తేలికగా చెప్పవచ్చు. తల్లిని పోగొట్టుకున్న గాడిదపిల్ల ఒకటి ప్రొఫెసర్ ఇంటికి చేరుతుంది. కాలేజీలో నవ్వులపాలైన ప్రొఫెసర్ దాన్ని సొంత ఊరు అగ్రహారంలో వదిలి, ఉమ అనే మూగపిల్లకు అప్పగిస్తాడు. ఊళ్ళో ఏ అపచారం జరిగినా దోషం గాడిదదే అవుతుంది. మోసపోయిన ఉమకు పుట్టిన చచ్చినబిడ్డ గుడిముందు కనిపించేసరికి, ఆ నేరం కూడా గాడిద నెత్తినే పడి, దాన్ని కొట్టి చంపుతారు. చంపిన తర్వాత మంచి శకునాలు మొదలవుతాయి. అప్పుడు అదే గాడిద దేవుడైపోతుంది! గుడి కట్టాలంటారు. చివర గాడిద పుర్రెతో సాగే నృత్యం, అగ్రహారాన్ని చుట్టుముట్టే మంట.

ఫ్రెంచి దర్శకుడు బ్రెసాన్ 1966లో గాడిద ప్రధానంగా తీసిన 'బాల్తజార్' చిత్రంతో దీన్ని అందరూ పోలుస్తారు. పోలిక ఉన్నమాట నిజమే. అయితే బ్రెసాన్ గాడిద మనుషుల పాపాలు మోసే జీవి. దాని చావులో ఒక క్రైస్తవ శాంతి ఉంది. జాన్ గాడిదకు అటువంటి మోక్షం లేదు. నిన్న తన్నినవాడే ఇవాళ దణ్ణం పెడతాడు, రెండుసార్లూ అతనికి గాడిద కనపడదు. తిరస్కారమూ, ఆరాధనా ఒకే గుడ్డితనానికి రెండు ముఖాలు - ఇదీ ఆ సినిమా చెప్పిన సత్యం. మన దేశంలో కులం బతికున్న మనిషిని ఊరవతల ఉంచి, చచ్చిన తర్వాత అతని బొమ్మకు పూలదండ వేయటం చూసినవారికి ఇది వేరే చెప్పనక్కర్లేదు.

శిల్పం సంగతి చూడండి. ఇంత వెటకారం ఉన్న కథలో ఎక్కడా నవ్వించటానికి ప్రయత్నం లేదు. కెమెరా గాడిదను ముద్దుచేయదు. దాని కళ్ళను దగ్గరగా చూపి మనచేత కన్నీళ్ళు పెట్టించదు. ఊరి పెద్దలు మాట్లాడుతుంటే కొంచెం దూరాన నిలబడి, వాళ్ళ మాట పూర్తయ్యేదాకా ఓపికగా వింటుంది. మూఢత్వం తన నోటితోనే తనను బయటపెట్టుకుంటుంది. ఈ నిగ్రహం ఆరోజుల్లో మన సంస్కరణవాద సినిమాల్లో దొరకని వస్తువు. అవి ప్రతి దురాచారానికీ ఎదురుగా ఒక ఉపన్యాసాన్ని నిలబెట్టేవి.

లోపం లేదా అంటే ఉంది. చివరి మంట ఒక కళాకారుడు తన కోపంకొద్దీ పెట్టిన మంటలాగే కనిపిస్తుంది. ఆ అగ్రహారం ఎవరి భూమిమీద, ఎవరి రెక్కలమీద బతుకుతున్నదో సినిమా లోతుగా చూపలేదు. అంచేత దాని పతనం చరిత్రలోనుంచి కాక, ప్రళయంలోనుంచి వస్తుంది. అయినా ఆ దెబ్బ తగలవలసినచోట తగిలింది. ఉత్తమ తమిళ చిత్రంగా జాతీయ బహుమతి పొందిన ఈ సినిమాను 1989లో దూరదర్శన్ ప్రసారం చేయబోయి, నిరసనలు రాగానే విరమించుకుంది. బహుమతి ఇచ్చినదీ ప్రభుత్వమే, చూపించటానికి జంకినదీ ప్రభుత్వ సంస్థే!

తరువాతి చిత్రం 'చెరియాచ్చంటె క్రూరకృత్యంగళ్' (1979). అంటే చెరియాచ్చన్ చేసిన క్రూరకృత్యాలు. సముద్రమట్టానికి దిగువన వరి పండించే కుట్టనాడు ప్రాంతం, వ్యవసాయ కూలీల సంఘాలు బలంగా నిలబడిన చోటు. చెరియాచ్చన్ అక్కడి భూస్వామి. పేరులో చెప్పిన క్రూరకృత్యాలకోసం ప్రేక్షకుడు చివరిదాకా కనిపెట్టుకుని కూర్చుంటాడు. అవి రావు. అతను పిరికివాడు, ఒక రకంగా మంచివాడు కూడా. కూలీలమీద పోలీసుల దౌర్జన్యాన్ని చూసిన తర్వాత అతన్ని భయం పట్టుకుంటుంది. తననే పట్టుకుపోతారన్న భ్రమలో పడి, చివరకు కొబ్బరిచెట్టెక్కి, అక్కడనుంచి పడి చచ్చిపోతాడు. ఆ పాత్రలో అడూర్ భాసి నటన హాస్యానికీ భయానికీ మధ్య సన్నని గట్టుమీద నడుస్తుంది.

భూస్వామి అనగానే కొరడా, మీసం, తుపాకీ చూపించటం మన తెలుగు సినిమాకు అలవాటు. అటువంటి భూస్వామిని చంపేస్తే సమస్య తీరిపోతుంది. జాన్ చూపిన భూస్వామి చెయ్యెత్తడు. అతని క్రూరకృత్యం అతని ఆస్తి. ఆ ఆస్తిని కాపాడటానికి పోలీసులు కొడుతున్నారని అతని లోపల ఎక్కడో తెలుసు. ఆ ఎరుకే భయమై అతన్ని తినేస్తుంది. వర్గస్వభావాన్ని వ్యక్తి దుర్మార్గంగా కుదించకుండా చూపటం ఎంత కష్టమో కథలు రాసే మిత్రులకు తెలుసు. అయితే ఈ పద్ధతికి మూల్యం కూడా ఉంది: సినిమా అంతా భూస్వామి భయంలోనుంచే నడుస్తుంది కాబట్టి, కూలీల సంగతి మనకు ఆ భయంద్వారానే తెలుస్తుంది. భయపెట్టినవారు ఏమనుకుంటున్నారో వినాలంటే మరో సినిమా కావాలి.

ఆ మరో సినిమా 'అమ్మ అరియాన్' (1986). దానికి ముందు 1984లో జాన్, మిత్రులూ కలిసి కోజికోడ్ కేంద్రంగా 'ఒడెస్సా' అనే సమష్టి సంస్థను పెట్టారు. ఐసెన్‌స్టయిన్ తీసిన 'బాటిల్‌షిప్ పొటెంకిన్' (1925)లో జారు సైనికులు మెట్లమీద జనాన్ని కాల్చిన నగరం పేరు అది. గాయపడిన బిడ్డను చేతుల్లో ఎత్తుకుని తుపాకులకు ఎదురు నడిచిన తల్లి ఆ మెట్లమీదే కనిపిస్తుంది. ఒడెస్సా పేరుపెట్టుకున్న సంస్థ మొదటి చిత్రం తల్లికి రాసిన ఉత్తరం కావటం యాదృచ్ఛికం కాదనుకుంటాను.

ఒడెస్సావాళ్ళు ఊరూరా తిరిగారు. డప్పులు కొట్టారు, వీధినాటకాలు ఆడారు, బొంబాయి మురికివాడల కూల్చివేతలమీద ఆనంద్ పట్వర్ధన్ తీసిన 'హమారా షహర్' ప్రదర్శించారు, ప్రజల సినిమాకు చందా ఇవ్వమని అడిగారు. ఇచ్చినవారికి లాభంలో వాటా లేదు. ఎందుకంటే లాభమే లేదు. సినిమా తయారయ్యాక టిక్కెట్టు లేకుండా అదే జనం మధ్యకు తిరిగివస్తుంది. అంటే నిర్మాత, పంపిణీదారు, ప్రదర్శకుడు అనే ముగ్గురు దళారులను తీసేసి, డబ్బిచ్చినవాడే ప్రేక్షకుడు అయ్యే పద్ధతి.

ఇక సినిమా చూడండి. పురుషన్ అనే యువకుడు ఢిల్లీకి బయలుదేరుతూ, ఉత్తరాలు రాస్తానని తల్లికి మాట ఇస్తాడు. వయనాడ్ అడవిదారిలో ఉరికి వేలాడుతున్న ఒక శవం కనపడుతుంది. ఆ ముఖం ఎక్కడో చూసినట్టుంది. ప్రయాణం మానుకుని, అతనెవరో తెలిసినవారికోసం వెతుకుతాడు. చచ్చిపోయినవాడు హరి, తబలా వాయించేవాడు, రాజకీయాల్లో నలిగినవాడు. ఆ కబురు కొచ్చిలో ఉన్న అతని తల్లికి చెప్పాలి. దారిలో హరిని ఎరిగినవారు ఒక్కొక్కరే వచ్చి కలుస్తారు. వయనాడ్ నుంచి కోజికోడ్ మీదుగా కొచ్చి చేరేసరికి ఒక్కడు గుంపవుతాడు.

ఒడెస్సావాళ్ళు చందాకోసం తిరిగిన తీరూ, ఈ కథ నడిచే తీరూ ఒకటే కాదా? ఊరినుంచి ఊరికి, గుమ్మంనుంచి గుమ్మానికి, ఒకరికొకరు కలుస్తూ. సినిమా తన పుట్టుకనే తన రూపంగా చేసుకుంది. ఈ చిత్రంలో కథ లేదనేవారు ఆ సంగతి చూడలేదు. ఒక మనిషి ఎవరో ఒక్కడికే పూర్తిగా తెలియదు; పదిమంది తెచ్చిన పది ముక్కలు కలిస్తేగాని చచ్చినవాడి ముఖం ఏర్పడదు. ఈ విషయాన్ని నాయకుడు, ప్రతినాయకుడు, మధ్యలో అయిదు పాటలు అనే చట్రంలో చెప్పటం సాధ్యం కాదు. వేణు ఛాయాగ్రహణంలో నలుపు తెలుపుల్లో సాగే ఈ నడకకు అడ్డంగా, నిజమైన పోరాటాలు వచ్చి పడుతుంటాయి: వైద్యవిద్యను ప్రైవేటుపరం చేయటాన్ని ఎదిరించిన విద్యార్థుల ఆందోళన, రాతిక్వారీ కార్మికులు, కొచ్చి రేవు కార్మికుల పాత పోరాటాల జ్ఞాపకం. కల్పితమైన గుంపు నిజమైన గుంపులగుండా నడిచిపోతుంది. ఏది కథ, ఏది డాక్యుమెంటరీ అని గీత గీయటం కష్టమవుతుంది.

నేను విద్యార్థులతో కలిసి ఈ సినిమా చూసినప్పుడల్లా ఒక ప్రశ్న తప్పక వస్తుంది: "వీళ్ళు ప్రతి ఇంటిదగ్గరా ఆగి అమ్మకు చెప్పి బయలుదేరుతారెందుకండీ? ఒకసారి చూపిస్తే చాలదా?" మంచి ప్రశ్న. నా ఉద్దేశంలో సినిమా ఆయువుపట్టు అక్కడే ఉంది. 'అమ్మ అరియాన్' అంటే అమ్మ తెలుసుకొనేందుకు అని. మనం 'అమ్మకు నమస్కరించి వ్రాయునది' అని ఉత్తరం మొదలుపెట్టినట్టే అది. 1970ల ప్రాంతంలో కేరళలోగాని, మన శ్రీకాకుళంలోగాని ఇల్లు విడిచిన యువకులు ఎందరో తల్లులకు చెప్పి వెళ్ళలేదు. చెప్పే వీలు లేదు, నిజమే. కాని తల్లులకు కబురు చెప్పవలసిన బాధ్యత ఆ తరువాతైనా ఎవరు తీసుకున్నారు?

ప్రభుత్వం తీసుకోలేదని వేరే చెప్పాలా? అదే వయనాడ్‌లో 1970 ఫిబ్రవరిలో నక్సలైటు నాయకుడు వర్గీస్ ఎదురుకాల్పుల్లో చనిపోయాడని పోలీసులు ప్రకటించారు. పట్టుకున్న మనిషిని పైఅధికారుల ఆజ్ఞమీద తానే కాల్చానని ఒక కానిస్టేబులు 1998లో బయటపెట్టాడు. 2010లోగాని ఒక మాజీ పోలీసు అధికారికి శిక్ష పడలేదు. ఎమర్జెన్సీలో, 1976లో, ఇంజనీరింగు విద్యార్థి రాజన్‌ను పట్టుకుపోతే, కొడుకు ఏమయ్యాడో చెప్పమని తండ్రి ఈచ్చర వారియర్ హైకోర్టు గుమ్మం ఎక్కవలసి వచ్చింది. ఇటువంటి నేలమీద ఒక గుంపు కాలినడకన వెళ్ళి ఒక తల్లికి కబురు చెప్పటం చిన్న సంగతి కాదు. రాజ్యం ఎగ్గొట్టిన బాధ్యతను, ఉద్యమం వాయిదావేసిన బాధ్యతను సినిమా తన నెత్తిన వేసుకుంది.

ఈ చిత్రం నిరాశావాదమని అప్పుడూ ఇప్పుడూ కొందరు మిత్రుల ఆక్షేపణ. ఉరిపోసుకున్నవాణ్ణి కథకు కేంద్రం చేస్తారా, పోరాడి చచ్చినవాడు దొరకలేదా అంటారు. నేనీ వాదాన్ని అంగీకరించలేను. అమరులను మాత్రమే లెక్కలో రాసుకుని, విరిగిపోయినవారిని లెక్కలోనుంచి కొట్టేసే ఉద్యమం తన చరిత్రను సగమే రాసుకుంటుంది. శోకాన్ని నడకగా మార్చిన చిత్రాన్ని నిరాశ అనటం ఎలా?

అయితే అసలు ఆక్షేపణలు రెండున్నాయి. ఒకటి: ఈ చిత్రంలో స్త్రీలు ప్రధానంగా తల్లులు. వాళ్ళు వింటారు, పంపుతారు, ఏడుస్తారు. నడిచే గుంపు మగపిల్లల గుంపు. కథానాయకుడి పేరే పురుషన్! ఆ తల్లులు కూడా జీవితమంతా పనిచేసినవారే, పోరాటాలు చూసినవారే. వాళ్ళు నివేదిక అందుకునేవారుగా మిగిలారుగాని, నివేదిక రాసేవారు కాలేకపోయారు. ఇది ఒక్క జాన్ పరిమితి కాదు, ఆనాటి ఉద్యమ పరిమితి. కాని పరిమితి పరిమితే.

రెండు: ఒడెస్సాలో డబ్బు సమష్టిది, దర్శకత్వం మాత్రం ఒక్కడిది. 1987లో ఆ ఒక్కడూ పోయేసరికి, సంస్థ పేరు నిలిచినా, మిత్రులు డాక్యుమెంటరీలతో పని సాగించినా, ఆ స్థాయి కథాచిత్రం మరొకటి రాలేదు. చందా వసూలు చేయటం పదిమంది నేర్చుకున్నారు. సినిమాను ఊహించే పని పదిమందికి పంచటం జరగలేదు. ప్రతిభను పంచటం చందాను పోగుచేయటమంత సులువు కాదు. కాని సమష్టి అన్న మాట వాడిన తర్వాత ఆ పరీక్షకు నిలబడక తప్పదు.

తెలుగువాళ్ళకు ఇందులో ఏమిటి? మనకు ప్రజానాట్యమండలి అనుభవం ఉంది. 1940ల్లో బుర్రకథ దళాలు ఊరూరా తిరిగి, ఊరిచ్చిన అన్నం తిని, ఆ ఊరికే పాట చెప్పాయి. ఒడెస్సా చేసినది మనకు కొత్త కాదు. కెమెరాతో చేయటమే కొత్త. తెలంగాణ పోరాటంమీద 'మాభూమి' (1979) వచ్చింది, మంచి చిత్రం, జనం ఆదరించారు. బి. నర్సింగరావు 'దాసి' (1988) వచ్చింది. కాని డబ్బిచ్చినవాడే ప్రేక్షకుడయ్యే పద్ధతి మన తెలుగు సినిమాలో వేళ్ళూనలేదు. పాటను జనంలోకి తీసుకుపోయిన మనం, సినిమాను మాత్రం థియేటరు యజమానికి వదిలిపెట్టాం.

ఇవాళ కెమెరా ప్రతి విద్యార్థి జేబులోనూ ఉంది. సెల్‌ఫోనుతో సినిమా తీయవచ్చు, ఆ ఫోనులోనే చందా కూడా పోగుచేయవచ్చు. డబ్బు అడ్డంకి చాలావరకు తొలగింది. కాని ముక్కూముఖం తెలియనివాడు దూరాన కూర్చుని పంపిన చందాకూ, ఒడెస్సా డప్పు విని గుమ్మంలోకి వచ్చి ఇచ్చిన చందాకూ తేడా ఉంది. రెండోది ఇచ్చినవాడి దగ్గరకు సినిమా తిరిగి వెళ్ళింది. వాడి ముఖం చూస్తూ, వాడి ప్రశ్నకు జవాబు చెప్పవలసి వచ్చింది. ఆ జవాబుదారీతనమే జాన్ శిల్పాన్ని తయారుచేసింది. హాస్టలు గదుల్లో, యూనియన్ ఆఫీసుల్లో, ఊరి బళ్ళలో సినిమా వేసి, దీపాలు వెలిగించిన తర్వాత గంటసేపు కూర్చుని మాట్లాడే అలవాటు మనకు మళ్ళీ రావాలి. అది వచ్చిననాడు, "మామూలు వాళ్ళకు అర్థం కాదు" అనే మాట ఎంత నిజమో మామూలు వాళ్ళే తేలుస్తారు.